విత్తనపు గింజలు కూడా పంచిన నాగయ్యగారు

కళాశాల సంచికలో సినిమా నటుడి మీద వ్యాసమేమిటని కొందరు నొసలు చిట్లించవచ్చు. పైగా నేను బి.యస్సీ. విద్యార్థిని. ఏ భౌతికశాస్త్ర విషయమో, కనీసం పత్తి చేలకు తగిలే తెగుళ్ళ గురించో రాస్తే బాగుండేదని మా లెక్చరర్లు అనుకున్నా అనుకోవచ్చు. అయినా ఈయన గురించే రాయాలని నిరుడు ఎండాకాలం నుంచి మనసులో ఉంది. కారణం చెబుతాను.

మా ఊరి నుంచి బమ్మెరకు సైకిలు మీద గంట ప్రయాణం. మా వైపు పోతన్న అంటే వాచకంలో పద్యాలున్న కవి మాత్రమే కాదు, పొరుగూరి రైతు. నాగలి పట్టిన చేత్తోనే గంటం పట్టినవాడు. భాగవతాన్ని రాజుకు అంకితమిచ్చి సుఖపడే వీలున్నా, రామునికే ఇచ్చి తన పొలం తాను దున్నుకున్నాడని మేమంతా వింటూ పెరిగాం. చిన్నప్పటి నుంచీ నా మనసులో పోతన్నకు ఒక రూపం ఉంది. విశాలమైన నుదురు, దయగల కళ్ళు, మెత్తని మాట. ఆ రూపం నాకెక్కడి నుంచి వచ్చిందో ఎన్నడూ ఆలోచించలేదు.

నిరుడు సెలవుల్లో ఒక రాత్రి నాయిన, నేను వాకిట్లో మంచం వేసుకొని నా ఫోనులో పాత 'భక్త పోతన' చూశాం. అప్పుడు తెలిసింది, ఆ రూపం చిత్తూరు వి. నాగయ్యగారిదని! అయిదు వందల ఏళ్ళ కిందటి పోతన్నను చూసినవాళ్ళెవరు? మా తాత ఎప్పుడో టూరింగ్ టాకీసులో ఈ సినిమా చూసి వచ్చి నాయినకు కథగా చెప్పాడట. నాయిన నాకు చెప్పాడు. అట్లా ఒక నటుడి ముఖం మూడు తరాలుగా మా ఇంట్లో పోతన్న ముఖమై కూర్చుంది. ఒక మనిషికి ఇంతకన్న పెద్ద బిరుదు ఉంటుందా?

ఆ ముఖం మాత్రం ఓరుగల్లు సీమది కాదు. నాగయ్యగారు 1904 మార్చి 28న నాటి గుంటూరు జిల్లా రేపల్లెలో పుట్టారు. ఇంటిపేరు ఉప్పలదడియం. పెరిగింది, నాటకాలాడింది చిత్తూరులో కాబట్టి ఆ ఊరి పేరే ఇంటిపేరులాగా స్థిరపడిపోయింది. అక్కడి రామవిలాస సభ నాటకాలలో పాడి, ఆడి పేరు తెచ్చుకున్నారు. పొట్టకూటికి గుమాస్తాగిరీ చేశారు, పత్రికలో పనిచేశారు, జాతీయోద్యమంలో తిరిగారు. మొదటి సినిమా, హెచ్.ఎం. రెడ్డిగారి 'గృహలక్ష్మి', 1938లో వచ్చింది. అప్పటికి ఆయన వయసు ముప్పయి నాలుగు. ఇరవై ఏళ్ళకే జీవితం అయిపోయిందని దిగులుపడే నాబోటివాళ్ళు ఈ లెక్క గుర్తు పెట్టుకోవాలి. ఆ చిత్రంలో ఆయన మద్యపాన నిషేధం మీద పాడిన పాట జనం నోళ్ళలో నానింది.

ఆనాటి నటులు పాడక తప్పేది కాదు. ఇది కొంచెం మా సైన్సు సంగతి. తొలినాటి టాకీలలో నటుడు కెమెరా ముందు నిలబడి నిజంగానే పాడాలి. వాద్యాలవాళ్ళు కెమెరాకు కనబడకుండా పక్కనెక్కడో కూర్చొని వాయించాలి. మైకు ఆ ధ్వనిని విద్యుత్తుగా మారుస్తుంది. ఆ విద్యుత్తు హెచ్చుతగ్గులను బట్టి వెలుతురు మారి, ఆ వెలుతురు ఫిల్ము మీద సన్నని గీతలాగా అచ్చు పడుతుంది. సినిమాహాలులో మళ్ళీ ఆ గీతలోంచి వెలుతురు పంపి ధ్వనిని బయటికి తీస్తారు. పాటలో ఎక్కడ శ్రుతి తప్పినా, మాట మరిచినా, మొత్తం మళ్ళీ మొదలు. అందుకే ఆ రోజుల్లో ముఖం, గొంతు, అభినయం మూడూ ఒకే మనిషిలో కావలసి వచ్చేవి. మూడూ నిండుగా ఉన్న మనిషి నాగయ్యగారు. నాలుగోది కూడా ఉంది, స్వయంగా బాణీలు కట్టగలరు.

బి.ఎన్. రెడ్డిగారు వాహినీ సంస్థ పెట్టి 1939లో తీసిన 'వందేమాతరం'లో ఆయన కథానాయకుడు. చదువుకొని ఉద్యోగం దొరకని యువకుడి కథ అది. ఎనభై ఏళ్ళు దాటినా ఆ కథ మాకు పాతబడలేదని వేరే చెప్పనక్కరలేదు! తరువాత 'సుమంగళి', 'దేవత' వచ్చాయి. ఆయన ఎప్పుడూ భక్తుడి వేషాలే వేశారనుకునేవాళ్ళు 'దేవత' చూడాలి. ఇంగ్లండులో చదివివచ్చి ఇంట్లో పనిచేసే అమాయకురాలిని మోసం చేసే బారిస్టరు పాత్ర అందులో ఆయనది. 1945లో వచ్చిన 'స్వర్గసీమ'లో ఇల్లాలిని వదిలి దారి తప్పిన భర్త.

అయినా జనం గుండెల్లో నిలిచినవి మూడు పాత్రలు. కె.వి. రెడ్డిగారు మొట్టమొదట దర్శకత్వం వహించిన 'భక్త పోతన', నాగయ్యగారే నిర్మించి దర్శకత్వం వహించిన 'త్యాగయ్య' (1946), మళ్ళీ కె.వి. రెడ్డిగారిదే 'యోగి వేమన' (1947). 'భక్త పోతన' తీసిన రోజులు మామూలు రోజులు కావు. 1942లో జపాను బాంబులు పడతాయనే భయంతో మద్రాసు జనం మూటాముల్లె సర్దుకొని ఊళ్ళు పట్టిపోయారు. అటువంటి కాలంలో కూర్చి తీసిన చిత్రంలో అంత ప్రశాంతత ఎట్లా వచ్చిందో నాకు ఆశ్చర్యమే. ఆయన పాడుతుంటే పాటకుడు కనబడడు, పొలం పని ముగించుకొని అరుగు మీద కూర్చున్న మనిషి కనబడతాడు. అరవ దేశంలోనూ ఆయనకు అంతే గౌరవం. అమెరికా నుంచి వచ్చిన ఎల్లిస్ డంగన్ తీసిన తమిళ 'మీరా' (1945)లో ఎం.ఎస్. సుబ్బులక్ష్మిగారి సరసన రాణా వేషం ఆయనదే. మేం పాఠాల్లో చదువుకునే లూయీ పాశ్చరు పాత్ర వేసి ఆస్కారు పొందిన హాలీవుడ్ నటుడు పాల్ మునితో నాగయ్యగారిని పోల్చేవారు. మహనీయుల పాత్రలలో తాము కరిగిపోవడం ఇద్దరికీ తెలిసిన విద్య.

ఇక అసలు సంగతికి వస్తాను. దక్షిణాదిలో లక్ష రూపాయల పారితోషికం అందుకున్న తొలి నటుడు నాగయ్యగారే అంటారు. ఆ కాలపు లక్ష! ఆ లక్షలన్నీ ఏమైనాయి? వచ్చినవాడికల్లా వంటిల్లు తెరిచే ఉండేదని, చదువులకని, పెళ్ళిళ్ళకని, ఊరికి పోవడానికి చార్జీలని అడిగినవారిని ఉత్త చేతులతో పంపలేదని ఆయన్ని ఎరిగినవారంతా చెప్పారు. త్యాగరాజస్వామి సమాధి ఉన్న తిరువయ్యారులో యాత్రికుల కోసం సత్రం కట్టించారు. రేణుకా పేరుతో సొంత సంస్థ పెట్టి సినిమాలు తీశారు. 1953లో తీసిన 'నా ఇల్లు' చేతికి డబ్బు తేకపోగా ఉన్నది ఊడ్చుకుపోయింది.

ఆయన తీసిన 'భాగ్యలక్ష్మి' (1943) గురించి ఒక విచిత్రం చెప్పాలి. తెలుగులో ఒకరికి బదులు ఒకరు పాడే పద్ధతి, అంటే ప్లేబ్యాక్, ఆ చిత్రంతోనే మొదలైందని సినిమా చరిత్ర రాసినవారు అంటారు. కమలా కోట్నీస్‌గారికి రావు బాలసరస్వతీదేవిగారు పాడారు. తరువాత నాగయ్యగారు సంగీతం కూర్చినవారిలో ఒకరైన 'స్వర్గసీమ'లో ఘంటసాలగారి గొంతు మొదటిసారి వెండితెర మీద వినిపించింది. ముఖం ఒకరిది, గొంతు ఒకరిది కావచ్చని తేలాక, పాడలేని అందగాళ్ళకూ తలుపులు తెరుచుకున్నాయి. పాడి నటించే మనిషి ఇక తప్పనిసరి కాలేదు. తన తరం నటుల అవసరం తీర్చేసే పనిముట్టు తన ఇంట్లోనే తయారైందన్నమాట! అందుకు ఆయన బాధపడ్డట్టు ఎక్కడా కనబడదు.

1950లో ఆయన 'బీదలపాట్లు'లో నటించారు. ఫ్రెంచి రచయిత విక్టర్ హ్యూగో నవలకు మన రూపం అది. రొట్టె దొంగిలించి జైలుకుపోయి వచ్చిన మనిషికి ఒక మతగురువు అన్నం పెడతాడు. ఆ మనిషి ఆ ఇంట్లోనే వెండిసామాను దొంగిలిస్తాడు. పోలీసులు పట్టుకొస్తే, అది తానే ఇచ్చానని గురువు చెప్పి, మిగిలినది కూడా చేతిలో పెడతాడు. సినిమాలో నాగయ్యగారిది దొంగ పాత్ర. జీవితంలో మాత్రం ఆ గురువు పాత్ర.

ఆ తరువాత అన్నీ తండ్రి వేషాలు, ముని వేషాలు. 1963 నాటి 'లవకుశ'లో వాల్మీకి మహర్షి ఆయనే. అరవై ఏళ్ళ వయసులో మళ్ళీ సాహసించి 'భక్త రామదాసు' (1964) తీసి, తానే రామదాసుగా నటించారు. మన నేలకొండపల్లి గోపన్నకు కూడా ముఖం ఆయనే అయ్యారు. 1965లో పద్మశ్రీ వచ్చింది. ఒకప్పుడు లక్షలు చూసిన చేతులు చిన్న చిన్న మొత్తాలకు చిన్న చిన్న పాత్రలు ఒప్పుకున్నాయి. 1973 డిసెంబరు 30న మద్రాసులో కన్ను మూసేనాటికి వెనక వేసుకున్నదేమీ లేదు. ఆ మహానగరంలో పానగల్ పార్కులో ఆయన విగ్రహం ఉంది.

ఇదంతా తెలుసుకొని, మరోసారి ఇంటికి పోయినప్పుడు నాయినకు చెప్పాను. ఆయన మెచ్చుకుంటాడనుకున్నాను. మెచ్చుకోలేదు. పోతన్న రాజుగారి సొమ్ము వద్దనగలిగాడంటే వెనకాల నాగలి ఉంది, మడి ఉందన్నాడు. నాగయ్యకు ఉన్నది గొంతు. గొంతు పొలం కాదు, ఏటేటా తరిగిపోతుంది. ఎంత కరువొచ్చినా, పిల్లలు ఆకలని ఏడ్చినా, రైతన్నవాడు విత్తనపు గింజల గుమ్మి మీద చెయ్యి వెయ్యడు. ఆయన ఆ గింజలు కూడా వండి వడ్డించాడు, అది తప్పేనని తేల్చేశాడు.

నేను వాదించబోయి ఆగిపోయాను. నాయిన కోపం నాగయ్యగారి మీద కాదని అర్థమైంది. మా తాత ఊళ్ళో పదిమందికి అప్పుల దగ్గర జమానతు నిలబడి రెండెకరాలు పోగొట్టుకున్నాడు. అందులో ఒక ఎకరం బావి కింది మడి. నాయిన పదో తరగతితో చదువు మానింది ఆ ఏడాదే. ఇంట్లో ఆ మాట వస్తే ఇప్పటికీ అమ్మ లేచి లోపలికి పోతుంది. దానం చేసినవాడికి పేరు వస్తుంది, దాని ఖరీదు మాత్రం ఇంట్లోవాళ్ళు కడతారు. నాగయ్యగారిని దేవుణ్ణి చేసి పొగిడే వ్యాసాలు చాలా చదివాను గాని, ఈ లెక్క వేసినవారు కనబడలేదు. పొలం మీద బతికే ఇంట్లో పుట్టిన నేను ఈ లెక్క దాటి పోలేను. నాయిన అన్నది నిజమే.

కాని ఇంకొక నిజం కూడా ఉంది. వండుకు తిన్న గింజ మొలవదని వృక్షశాస్త్రం చెబుతుంది. ఇచ్చిన గింజ ఇంకొకరి చేలో మొలవదని మాత్రం చెప్పదు. డబ్బు దాచుకున్న ఆనాటి నటులు ఎందరో ఉండి ఉంటారు. వాళ్ళ ముఖాలు మా వాకిట్లోకి రాలేదు. పోతన, త్యాగయ్య, రామదాసు వంటివారిని నటించి, సాయంత్రం రంగు కడుక్కొని వడ్డీల లెక్క చూసుకొని ఉంటే ఆయన సుఖంగానే పోయేవారు. ఆ పాత్రలను మనం ఇంతగా నమ్మేవాళ్ళమా? పాడిన దానికి, బతికిన దానికి తేడా లేకపోవడం వల్లనే ఆ గొంతుకు ఆ నిండుదనం వచ్చిందేమో అనిపిస్తుంది. ఆ రాత్రి ఫోనులో వినబడింది మైకు పట్టుకున్న ధ్వని మాత్రమే కాదు.

ఈ రెండింటిలో ఏది గొప్ప నిజమో తేల్చే వయసు నాకింకా రాలేదు. ఒక్కటి మాత్రం చెప్పగలను. నేను చుట్టుపక్కల ఏ ఊరికి పోయినా, ఫలానా వారి మనుమడినంటే ఎవరో ఒక ముసలాయన లేచి కుర్చీ వేస్తాడు, మజ్జిగ తెమ్మని లోపలికి కేకేస్తాడు. ఆ కుర్చీ ఖరీదు రెండెకరాలా అని నాయినను అడిగే ధైర్యం నాకు లేదు. ఆయన కూడా ఆ రాత్రి అన్ని మాటలన్నాడు గాని, కాసేపటికి నా పక్కన మంచం మీదికి జరిగి, ఆ 'త్యాగయ్య' కూడా ఫోనులో వస్తుందేమో చూడమన్నాడు. తెల్లవారితే మడికి నీళ్ళు పెట్టే పని ఉందని తెలిసి కూడా, చివరిదాకా చూసి పడుకున్నాడు.

పోతన్నకు ముఖమై, మా ఇంట్లో మూడు తరాలు నిలిచిన ఆ మహానుభావుడికి ఈ రైతుబిడ్డ జోహార్లు.