హైదరాబాదు మరచిన చిత్రనిర్మాత - ధీరేంద్రనాథ గంగూలీ

తెలుగువారి మూకీచిత్రాల ప్రస్తావన వచ్చినప్పుడెల్లా మనం రఘుపతి వెంకయ్యగారిని స్మరించుకొంటాము. అది న్యాయమే. 1921లో ఆయన కుమారుడు ప్రకాశ్ మద్రాసులో ‘భీష్మప్రతిజ్ఞ’ తీసి దారి చూపారు. అయితే ఆ మరుసటి సంవత్సరమే మన హైదరాబాదులో ఒక స్టూడియో వెలసి, అందులో మూకీలు వరుసగా తయారైనవని ఎరిగినవారు అరుదు. ఆ కార్యాన్ని తలపెట్టిన ధీరేంద్రనాథ గంగూలీగారిని విద్యార్థులకు పరిచయం చేయడమే మా ఉద్దేశము.

1893లో కలకత్తాలో జన్మించిన గంగూలీ శాంతినికేతనంలో విద్యాభ్యాసం చేసి, హైదరాబాదుకు వచ్చి నిజాం కళావిద్యాలయంలో ప్రధానోపాధ్యాయులైనారు. ఆయన చిత్రకారుడు, అంతకుమించి వేషధారి. స్త్రీపురుష పాత్రలనేకం తానే ధరించి, ఛాయాచిత్రాలు తీయించి, 1915లో ఒక పుస్తకంగా ప్రకటించారు. ఒకే ముఖం ఇన్ని ముఖాలు కావడం చూసినవారికి అబ్బురమనిపించింది. ఆ పుస్తకమే ఆయనను కలకత్తా సినిమా వ్యాపారి జె.ఎఫ్. మదన్ దృష్టికి తెచ్చి, చిత్రరంగం వైపు మళ్ళించింది.

కలకత్తాలో మిత్రులతో కలిసి ఇండో-బ్రిటిష్ ఫిల్మ్ కంపెనీ స్థాపించి, 1921లో ‘బిలాత్ ఫెరత్’ విడుదల చేశారు. కథ ఆయనదే, నాయకపాత్రా ఆయనదే. సీమకు వెళ్ళివచ్చి దొరతనం వెలగబెట్టే యువకుని, వానిని చూసి నివ్వెరపోయే పాతకాలపు పెద్దలను ఆ చిత్రం ఒకే త్రాసులో వేసి నవ్వించింది. పురాణకథలే రాజ్యమేలుతున్న ఆ రోజులలో సమకాలీన సమాజాన్ని హాస్యానికి వస్తువుగా గ్రహించడం సామాన్య సాహసం కాదని మేము భావిస్తున్నాము.

1922లో ఆయన మరల హైదరాబాదుకు వచ్చారు. ఏడవ నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ ఆదరణతో లోటస్ ఫిల్మ్ కంపెనీ ఏర్పడింది. స్టూడియోతోపాటు ప్రదర్శనశాల కూడ అమరింది. ‘లేడీ టీచర్’, ‘మ్యారేజ్ టానిక్’, ‘చింతామణి’, ‘ఇంద్రజిత్తు’, ‘యయాతి’ మొదలైనవి ఆ సంస్థ చిత్రాలు. పేర్లు చూస్తేనే పురాణమూ పరిహాసమూ ఆయనకు సరిసమానంగా రుచించేవని తెలుస్తున్నది.

రెండేళ్ళు గడిచినవి. 1924లో బొంబాయిలో తయారైన ‘రజియా బేగం’ అనే చిత్రాన్ని గంగూలీ నగరంలో ప్రదర్శించారు. ఢిల్లీ సుల్తానా రజియా ఒక హిందువును ప్రేమించినట్లు అందులో కథ. 1236 నుండి 1240 వరకు ఏలిన ఆ రాణి చరిత్రలో అబిసీనియా దేశస్థుడైన యాఖూత్‌ను గూర్చిన అపవాదు ఉన్నది, అల్తూనియాతో వివాహమున్నది. హిందూ ప్రియుని జాడ మాత్రం లేదు. అది వట్టి కల్పన. కాని ఆ కల్పనకు పాలకుడు ఆగ్రహించి, గంగూలీని రాజ్యం విడిచి పొమ్మని ఆజ్ఞాపించాడు. తాను తీయని చిత్రానికి ఆయన తన స్టూడియోను పోగొట్టుకొన్నారు! ఉస్మానియా విశ్వవిద్యాలయాన్ని నెలకొల్పిన ప్రభువే ఈ ఆజ్ఞ ఇచ్చాడనడం మాకు కష్టంగానే ఉన్నది. ఐనను చెప్పక తప్పదు. లోటస్‌కు ప్రాణం పోసినదీ, తీసినదీ ఆ చేయియే.

కలకత్తా చేరిన గంగూలీ అధైర్యపడలేదు. 1929లో బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ నెలకొల్పారు. తరువాతి కాలంలో మహాదర్శకులుగా పేరొందిన దేవకీ బోస్, ప్రమథేశ్ బారువా సినిమారంగంలో తొలి అడుగులు వేసినది ఆయన నీడలోనే. అంతలో మాటల చిత్రాలు వచ్చి ఆ సంస్థా మూతపడింది. న్యూ థియేటర్స్‌లో చేరి హాస్యచిత్రాలు తీశారు. ప్రభుత్వం 1974లో పద్మభూషణ్ ఇచ్చింది. మరుసటి ఏటి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారమూ ఆయననే వరించింది. 1978 నవంబరు 18న కన్నుమూశారు.

హైదరాబాదులో ఆయన తీసిన మూకీల ప్రతులు మిగలలేదు. ‘లేడీ టీచర్’లో ఆ పంతులమ్మ ఏమి బోధించినదో, నగరవాసులు ఏ ఘట్టంలో నవ్వుకొన్నారో చూచే భాగ్యం మనకు లేదు.