షాబానో: రోజుకు 83 పైసల మనోవర్తి

కేసు తేలెదాంక జర ఓపికవట్టుమని పంచాయతిల పెద్దమనుషులు ఆడివిల్లకు చెప్తుంటరు. మరి కేసు తేలెదాంక ఆమె ఏం తినాలె? పిల్లల ఫీజు ఎవలు కట్టాలె? గా సంగతి ఎవలడగరు. గందుకే షాబానో బతుకును ఇయ్యాల యాది చేసుకోవాలె.

షాబానోది మధ్యప్రదేశ్‌ల ఇండోర్. 1932ల మొహమ్మద్ అహ్మద్ ఖాన్ అనే వకీలుతోని లగ్గమైంది. ముగ్గురు కొడుకులు, ఇద్దరు బిడ్డలు. కొన్నేండ్లకు ఆయన ఇంకో లగ్గం చేసుకుండు. అయినా ఆమె ఆ ఇంట్లనే సంసారం ఈదింది. 1975ల, అంటే లగ్గమైన 43 ఏండ్లకు, ఆమెను ఇంట్లకెల్లి ఎల్లగొట్టిండు.

1978 ఏప్రిల్‌ల ఆమె మేజిస్ట్రేట్ కోర్టు మెట్లెక్కింది. అప్పటికి ఆమెకు 62 ఏండ్లు. భర్త ఏడాదికి 60,000 దాంక సంపాయిస్తున్నడని చెప్పి, క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 125 సెక్షన్ కింద నెలకు 500 మనోవర్తి అడిగింది. అప్పట్ల ఆ చట్టం కింద అంతకు మించి ఇయ్యనీకి లేకుండె.

కేసు నడుస్తుండంగనే, నవంబర్ 6 నాడు ఆయన తలాక్ చెప్పిండు. మెహర్ పైసలు 3,000 కోర్టుల జమచేసి, ఇగ ఆమెతోని తనకు సంబంధం లేదని వాదించిండు. కని విడాకులై మళ్ళ లగ్గం చేసుకోని ఆడామె గూడ భార్య కిందనే లెక్క అని ఆ సెక్షన్‌లనే రాసున్నది.

కేసు ఏసిన 16 నెలలకు, 1979 ఆగస్టుల మేజిస్ట్రేట్ తీర్పిచ్చిండు. ఎంతనుకున్నరు? నెలకు 25 రూపాలు. రోజుకు 83 పైసలు! ఆమె హైకోర్టుకు వోయింది. 1980 జులైల అది 179 రూపాల 20 పైసలైంది. గది గూడ ఇయ్యనని ఆయన సుప్రీంకోర్టుకు వోయిండు. 1985 ఏప్రిల్ 23న ఐదుగురు జడ్జిలు ఆయన అప్పీలును కొట్టేసిండ్రు. ఏడేండ్లు నడిచింది కొట్లాట.

ఆమె గెలిచినంక ఆమె ఆకలి ముచ్చట పక్కకు వోయింది, మతం లొల్లి ముందటికొచ్చింది. మతపెద్దలు ఒక దిక్కు గుంజితే, ముస్లింల మీద కోపమున్నోళ్ళు ఇంకో దిక్కు గుంజిండ్రు. ఒత్తిడి తట్టుకోలేక, 1985 నవంబర్‌ల ఆ తీర్పు తనకొద్దని రాసిన కాయితం మీద ఆమె ఏలిముద్ర ఏసింది. 1986ల రాజీవ్ గాంధీ సర్కారు కొత్త చట్టం తెచ్చింది. 1992ల షాబానో కన్నుమూసింది.

కని ఆమె ఏసిన బాట మూసుకపోలే. ఆ చట్టం మీద ఆమె వకీలు దానియల్ లతీఫీనే కేసేసిండు. భర్త ఇచ్చేది ఇద్దత్ మూడునెలలకే గాదు, ఆమె ముందటి బతుకంతటికి సరిపోవాలెనని 2001ల సుప్రీంకోర్టు చెప్పింది. అదే ఏడు 125 సెక్షన్‌ల 500 హద్దు ఎత్తేసిండ్రు. కేసు నడిచినన్ని దినాలు మధ్యంతర మనోవర్తి ఇయ్యాలెననీ, ఆ దరఖాస్తును నోటీసు అందిన 60 దినాలల్ల తేల్చాలెననీ చట్టంల రాసిండ్రు. 2024 జులైల మన తెలంగాణ కేసుల గూడ గిదే తేలింది. విడాకులైన ముస్లిం మహిళకు హైకోర్టు ఖాయం చేసిన నెలకు 10,000 మధ్యంతర మనోవర్తిని సుప్రీంకోర్టు నిలవెట్టింది.

ఇప్పుడు ఆ 125 సెక్షన్ కొత్త చట్టంల 144 అయింది. ఏ మతమైనా, ఏ కులమైనా అదే. ఆడామె తానున్న జిల్లాలనే కేసు ఏసుకోవచ్చు. ఇద్దరూ తమ ఆమ్దాని, ఆస్తులు అఫిడవిట్‌ల రాసియ్యాలె. మనోవర్తి దరఖాస్తు పెట్టిన దినం నుంచే లెక్క కట్టాలెనని 2020ల సుప్రీంకోర్టు చెప్పింది.

అయినా 60 దినాలు కాయితం మీదనే ఉంటున్నయి. కోర్టు అరుగుల మీద పిల్లను ఒళ్ళ పెట్టుకోని కూసున్నోళ్ళను నేను చూస్తనే ఉన్న. వాయిదాకొచ్చిన దినమల్ల వాళ్ళ కూలి వోతది. కేసును సాగదీసుడే మొగోని బలం, ఆకలే ఆడిదాని ఓటమి.

తమ్మీ, చెల్లె, మీ అక్కనో దోస్తో గిట్ల ఉంటే ఓపికవట్టుమని చెప్పకుండ్రి. జిల్లా కోర్టుల న్యాయసేవాధికార సంస్థకు తోల్కపోండ్రి, లేకపోతె 15100కు ఫోన్ కొట్టుండ్రి. ఆడోళ్ళకు వకీలును ముఫత్‌గ ఇస్తరు. కేసుతోనిపాటే మధ్యంతర మనోవర్తి దరఖాస్తు గూడ పెట్టియ్యుండ్రి. షాబానోకు ఏడేండ్లు పట్టింది. మన అక్కకు ఏడు నెలలు గూడ పట్టొద్దు.