నవ్వుల రేడు రేలంగి

కోనసీమ అనగానే కొబ్బరితోటలు, గోదావరి పాయలు గుర్తుకొస్తాయి. తెలుగువారిని కడుపుబ్బ నవ్వించిన రేలంగి వెంకట్రామయ్య గారు కూడా ఈ నేల బిడ్డేనని మన హాస్టల్ తమ్ముళ్లలో చాలామందికి తెలియదు. అందుకే ఈ వార్షికోత్సవ సంచికలో ఆయన గురించి నాలుగు మాటలు రాయాలనుకున్నాం.

రేలంగి గారు 1910లో రావులపాలెం పక్కనున్న రావులపాడులో జన్మించారు. తండ్రి రామస్వామి గారు హరికథలు, సంగీతం నేర్పేవారు. పసితనంలోనే తల్లి చనిపోయింది. పెరిగింది కాకినాడలో. ఆ రోజుల్లో స్త్రీలు రంగస్థలం ఎక్కడం అరుదు కాబట్టి ఆడవేషాలూ మగపిల్లలే కట్టేవారు. రేలంగి గారూ అలాగే నాటకాల్లోకి వచ్చారు. కాకినాడలోని యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాల్లో వేషాలు వేశారు. ఎస్.వి. రంగారావు, అంజలీదేవి గార్లు కూడా ఆ క్లబ్బు నుంచి వచ్చినవారే. నాటకం ఆడాలంటే గొంతు పలకాలి, అడుగు కదలాలి, ముఖం మాట్లాడాలి. తర్వాత సినిమాల్లో ఆయనకు అన్నం పెట్టింది ఈ మూడే.

1935లో సి. పుల్లయ్య గారు తీసిన ‘శ్రీకృష్ణ తులాభారం’లో చిన్న వేషాలతో సినిమాల్లోకి వచ్చారు. వెంటనే అదృష్టం కలిసిరాలేదు. పుల్లయ్య గారి దగ్గరే ఏళ్ల తరబడి తెరవెనుక పనులు చూసుకుంటూ, దొరికిన చిన్న వేషం వేసుకుంటూ గడిపారు. ‘గొల్లభామ’ (1947), ‘వింధ్యరాణి’ (1948) వచ్చాకే జనం గుర్తుపట్టారు. ‘గుణసుందరి కథ’ (1949)తో పేరు స్థిరపడింది. అంటే మొదటి సినిమాకూ ఈ పేరుకూ మధ్య పద్నాలుగేళ్లు! డిగ్రీ చేతికొచ్చి రెండేళ్లకే ఉద్యోగం రాలేదని కుంగిపోయే మనలాంటివాళ్లు ఈ లెక్క ఒకసారి వేసుకోవాలి.

ఆ తర్వాత ఆయన లేని పెద్ద సినిమా అరుదు. ‘పాతాళభైరవి’ (1951)లో రాజుగారి బావమరిది. అందులో తన పాట తానే పాడుకున్నారు. ‘మిస్సమ్మ’ (1955)లో దేవయ్య, ‘మాయాబజార్’ (1957)లో లక్ష్మణ కుమారుడు, ‘నర్తనశాల’ (1963)లో ఉత్తర కుమారుడు. సన్నగా పొడుగ్గా ఉండే రమణారెడ్డి గారి పక్కన బొద్దుగా ఉండే రేలంగి గారు నిలబడితే మాట అక్కర్లేకుండానే హాలంతా నవ్వేది. గిరిజ, సూర్యకాంతం గార్లతో ఆయన జోడీ కూడా అంతే పేరు తెచ్చుకుంది.

ఆ వేషాలను వరసగా తలుచుకుంటే మాకు ఒక సంగతి తోచింది. బావమరిది హోదా చూసుకుని మురిసిపోయేవాడు ఒకడు. దుర్యోధనుడి కొడుకునన్న డాబుతో పెళ్లిపీటల మీద కూర్చుని, మాయా శశిరేఖ చేతిలో బెదిరిపోయేవాడు ఇంకొకడు. అంతఃపురంలో కోతలు కోసి, కౌరవసేనను చూడగానే కాళ్లు వణికేవాడు మరొకడు. అందరూ గొప్పింటి బిడ్డలే. వాళ్ల డాంబికం బయటపడ్డప్పుడే జనం నవ్వారు. దేవయ్య లాంటి పేదవాడి వేషంలోనూ మనం నవ్వేది అతని గడుసుతనానికి, అతని ఆకలికి కాదు. ‘లవకుశ’ (1963)లో చాకలి తిప్పడుగా నవ్వించారు. ఆ తిప్పడి మాటతోనే కథ మలుపు తిరుగుతుంది. ఆ చిత్రాన్ని మొదలుపెట్టింది ఆయనకు తొలి అవకాశమిచ్చిన పుల్లయ్య గారే.

1970లో భారత ప్రభుత్వం ఆయనను పద్మశ్రీతో గౌరవించింది. తాడేపల్లిగూడెంలో తన పేరిట సినిమా హాలు కట్టించారు. 1975 నవంబరులో అక్కడే కన్నుమూశారు. మూడొందలకు పైగా చిత్రాల్లో నటించినా ఆయన వేసినవి చాలావరకు పక్కవేషాలే. అయినా ఆ సినిమాలు తలుచుకుంటే హీరోతో పాటు ఆయనా గుర్తుకొస్తారు.

ఏటా వార్షికోత్సవానికి హాస్యనాటికలు వేసే తమ్ముళ్లకు ఒక్క మనవి. తోటివాడి రంగు, యాస, నత్తి, ఊరు, కులం పట్టుకుని నవ్వించడం తేలిక. అలాంటి నవ్వులు మనమీద ఎన్ని పడ్డాయో మనకు తెలుసు. డాబును చూసి నవ్వించడానికే నేర్పు కావాలి. ఆ నేర్పు ఎలా ఉంటుందో చూడాలంటే రేలంగి గారి సినిమాలు చూడండి.