మల్లుదొరకు ముఖమేదీ?

తెనాలి చుట్టుపక్కల పుట్టి పెరిగినవారికి మన్యం పోరాటం అనగానే రెండు ముఖాలు కళ్లముందు కదులుతాయి. ఒకటి అల్లూరి సీతారామరాజుది, రెండోది ఆయనను వేటాడిన రూథర్‌ఫర్డ్‌ది. 1974లో వచ్చిన సినిమాలో రాజుగా నటించిన కృష్ణది తెనాలిని ఆనుకొని ఉన్న బుర్రిపాలెం. రూథర్‌ఫర్డ్‌గా నటించిన జగ్గయ్యది దుగ్గిరాల దగ్గరి మోరంపూడి. కృష్ణా కాలువ నీళ్లు తాగి పెరిగిన ఇద్దరు మాగాణి బిడ్డలు మన్యం చరిత్రకు నాయకుడూ ప్రతినాయకుడూ అయ్యారు. నేనూ ఆ ఊళ్ల మధ్యే పెరిగాను, ఆ ముఖాలనే చూశాను. ఇప్పుడు ఏటా కొత్త విద్యార్థులను గాం మల్లుదొర ఎవరని అడుగుతాను. తెనాలి నుంచి వచ్చినవారైనా, బాపట్ల, రేపల్లెల నుంచి వచ్చినవారైనా, తెలిసినవారు చెప్పేది ఒకటే: రాజు అనుచరుడు. అంతటితో జవాబు ముగుస్తుంది.

అనుచరుడన్న మాటలో కులముంది. కొండ మీది తగవు ఎవరిది, నేల ఎవరిది, పోయిన పదవి ఎవరిది అని ఆరా తీస్తే కథ గాం ఇంటి గడపలోనే మొదలవుతుంది. మనం మాత్రం దాన్ని రాజు అడుగుపెట్టిన రోజు నుంచి చెప్పుకుంటున్నాం.

ముందు రెండు మాటల గురించి చెప్పాలి. మా వైపు పితూరీ అంటే బడిలో పిల్లలు ఒకరి మీద ఒకరు పంతులుగారికి మోసే ఫిర్యాదు. ఏజెన్సీ రికార్డుల్లో అదే మాటకు తిరుగుబాటని అర్థం. దొర అన్న మాటా అంతే. మైదానంలో అది తెల్లవాడికో భూస్వామికో వంగి పెట్టే దండం. గూడెం కొండల్లో తమ మనిషి పేరు చివర సహజంగా ఒదిగే గౌరవం. కొండ మీద గౌరవంగా పలికిన మాట కిందికి దిగేసరికి భయంగా మారింది. అందుకే కావచ్చు, మల్లుదొర పేరులో దొర ఉన్నా మన పుస్తకాల్లో ఆయనకు బహువచనం దక్కలేదు. రాజును ఆయన అని రాసిన కలమే మల్లుదొరను అతడని రాసింది. అది వ్యాకరణ దోషమని నేననుకోను.

గూడెం, రంప ప్రాంతాల్లో పాలన ముఠాల వారీగా సాగేది. ముఠాదారు శిస్తు వసూలు చేసి పైకి కట్టేవాడు. అతని కింద గ్రామానికో మునసబు. అడవిని నరికి, కాల్చి, ఆ బూడిదలో గింజ చల్లుకునే పోడు అక్కడి తిండి. జీలుగు కల్లు అక్కడి పానీయం. ఈ రెండింటి మీదా ప్రభుత్వం చేయి పడింది. కల్లు మీద వేసిన చిగురు పన్ను, రంప మన్సబుదారు దోపిడీ కలిసి 1879లో పెద్ద తిరుగుబాటుకు కారణమయ్యాయి. దాని నాయకుల్లో ఒకరైన తమ్మన్నదొరను 1880లో పోలీసులు కాల్చి చంపారు. ఆ మంట చల్లారిందో లేదో 1882లో మద్రాసు అటవీ చట్టం వచ్చింది. తాతల నాటి పోడు నేరమైంది. అడవిలో కట్టె కొట్టినవాడు, పశువును మేపినవాడు జరిమానా కట్టాల్సిన ముద్దాయి అయ్యాడు. సీతారామరాజు ఇంకా పుట్టనే లేదు.

గాం గంటందొర బట్టిపణుకుల మునసబు. మల్లుదొర ఆయన తమ్ముడు. గూడెం తహసీల్దారు బాస్టియన్ నర్సీపట్నం నుంచి కొండ మీదికి రోడ్డు వేయించాడు. రాళ్లు కొట్టింది, మట్టి మోసింది కొండవాళ్లు. కూలి సరిగా ఇవ్వలేదు, ఎదురు చెప్పినవారిని హింసించారు. గంటందొర ఎదురు చెప్పారు. మునసబు పదవి పోయింది, భూమి పోయింది. కనుక అన్నదమ్ములిద్దరినీ ఎవరో వచ్చి నిద్ర లేపితే లేచినవారిగా చూడడం పొరపాటు. వారికి సొంత తగవు ఉంది, సొంత లెక్క ఉంది, తరతరాల పితూరీల జ్ఞాపకం ఉంది.

1917లో కృష్ణదేవిపేట చేరిన క్షత్రియ యువకుడు సీతారామరాజు ఆ తగవును తన తగవు చేసుకున్నారు. ఇది చిన్న విషయం కాదు. మైదానం నుంచి కొండెక్కినవారిలో వ్యాపారి, వడ్డీవాడు, గుత్తేదారు, అటవీ ఉద్యోగి తప్ప మరొకరిని చూడని జనానికి, తమ పక్షాన నిలిచే మనిషి దొరకడం అపూర్వం. రాజును తక్కువ చేస్తే తప్ప మల్లుదొర ఎత్తు కనబడదనుకోవడం అనవసరమైన పేచీ. అయితే రాజు వెంట గాం సోదరులు నడిచారంటే, గాం సోదరుల కొండల్లో రాజు నడిచారన్నది కూడా అంతే నిజం.

1922 ఆగస్టు 22న చింతపల్లి పోలీసు స్టేషన్ మీద దాడి జరిగింది. మరునాడు కృష్ణదేవిపేట, ఆ మరునాడు రాజవొమ్మంగి. మూడు రోజుల్లో 26 తుపాకులు, 2,500కు పైగా తూటాలు తిరుగుబాటుదారుల చేతికొచ్చాయి. సెప్టెంబరు 24న దామనపల్లి కనుమలో ముందు నడుస్తున్న దేశీయ సిపాయిలను పోనిచ్చి, వెనక వస్తున్న ఇద్దరు తెల్ల అధికారులు స్కాట్ కవర్డ్, హైటర్‌లను గురి చూసి కూల్చారు. ఏ మలుపులో ఏ బండ వెనుక నిలబడితే ఎవరు కనిపిస్తారో చెప్పగలిగేది ఆ దారిన పుట్టి పెరిగిన కన్నే. సినిమా ఆ తెలివినంతా ఒక్క విల్లంబులో పెట్టి రాజు చేతికిచ్చింది.

అదే ఏడాది గుంటూరు జిల్లాలో ఏం జరిగిందో పక్కన పెట్టి చూస్తే కులం పనిచేసే తీరు ఇంకా స్పష్టమవుతుంది. 1922 ఆరంభంలో బాపట్ల తాలూకా పెదనందిపాడు ఫిర్కాలో రైతులు శిస్తు కట్టడం మానేశారు. పర్వతనేని వీరయ్య చౌదరి నాయకత్వంలో శాంతిసేన నిలిచింది. కరణాలు, మునసబులు రాజీనామాలిచ్చారు. అప్పటి గుంటూరు కలెక్టరు ఈ రూథర్‌ఫర్డే. జప్తులు, సైనిక కవాతులు నడిచాయి. వాటితోపాటు విజ్ఞప్తులూ గడువులూ నడిచాయి. భూమీ చదువూ పత్రికలూ ఉన్న కులాలతో వ్యవహరించేటప్పుడు రాజ్యానికి ఓపిక ఉంటుంది. జిల్లా అదే, నెల అదే. పల్నాడు అడవి అంచుకు వెళ్లేసరికి ఆ ఓపిక అయిపోయింది. పుల్లరి కట్టబోమన్న కన్నెగంటి హనుమంతును 1922 ఫిబ్రవరిలో పోలీసులు కాల్చి చంపారు. బాపట్ల తాలూకాలో మునసబు తనంత తాను రాజీనామా ఇచ్చి దేశభక్తుడయ్యాడు. బట్టిపణుకులలో మునసబు పదవి ఊడగొట్టించుకొని బందిపోటయ్యాడు.

రెండేళ్ల తర్వాత రూథర్‌ఫర్డ్ ప్రత్యేక కమిషనరుగా మన్యానికి వెళ్లాడు. ఆ సరికి కొండలు అలసిపోయి ఉన్నాయి. 1922 డిసెంబరులో పెద్దగడ్డపాలెం దగ్గర తిరుగుబాటుదారులకు గట్టి దెబ్బ తగిలింది. మలబారు పోలీసులు, అస్సాం రైఫిల్స్ వచ్చారు. గ్రామాలకు తిండిగింజలు అందకుండా చేశారు. 1923 సెప్టెంబరులో నడింపాలెంలో మల్లుదొర పట్టుబడ్డారు. 1924 మే 7న సీతారామరాజును పట్టుకొని కొయ్యూరులో చెట్టుకు కట్టి కాల్చేశారు. నెల తిరిగేసరికి గంటందొర కాల్పుల్లో చనిపోయారు. రూథర్‌ఫర్డ్ పదోన్నతులు పొందుతూ పోయి, 1943లో కరవుతో లక్షలమంది చస్తున్న బెంగాల్‌కు కొన్ని నెలలు తాత్కాలిక గవర్నరుగా పనిచేశాడు. నాటి మైదాన కాంగ్రెసు నాయకత్వం మన్యం పోరాటానికి దూరంగా నిలబడింది. రాజు చనిపోయిన తర్వాత ఆయన దేశభక్తుడయ్యారు. బతికి ఖైదులో ఉన్న మల్లుదొరను ఎవరూ ఏమీ చేసుకోలేదు.

మల్లుదొరకు మరణశిక్ష పడింది. తర్వాత అది ద్వీపాంతరవాసంగా మారి ఆయన అండమాన్ చేరారు. అన్న పోయారు, నాయకుడు పోయారు, కొండ పోయింది. చుట్టూ సముద్రం. పోడు నేల తప్ప ఎరగని మనిషి దశాబ్దానికి పైగా ఆ శిక్ష అనుభవించి ముప్పయిల చివర్లో బయటికొచ్చారు. రాజు జీవితాన్ని రోజు రోజుగా లెక్కగట్టిన మన రచయితల్లో ఈ ఏళ్ల మీద ఒక్క పేజీ ఖర్చుపెట్టినవారు అరుదు. వీరమరణానికి మనం ఇచ్చే విలువ వీరజీవితానికి ఇవ్వం. అందులోనూ ఆ బతికినవాడు ఆదివాసీ అయితే.

బందిపోటన్న ముద్ర ఎలా తయారవుతుందో తెలుసుకోవడానికి మేము కొండెక్కనక్కర్లేదు. బాపట్ల నుంచి చీరాల వెళ్లే రైలు దారిలో స్టువర్టుపురం ఉంది. ఉప్పు, ధాన్యం పశువుల మీద వేసుకొని తీరం నుంచి లోపలి ఊళ్లకు తిరుగుతూ బతికిన ఎరుకల వారి వర్తకాన్ని ప్రభుత్వ ఉప్పు విధానం, రైళ్లు దెబ్బతీశాయి. బతుకు పోయినవారి మీద అనుమానం మిగిలింది. 1871 నాటి నేరస్థ తెగల చట్టాన్ని సవరించి 1911లో మద్రాసు రాష్ట్రానికీ వర్తింపజేశారు. ఆ తర్వాత కొద్ది ఏళ్లకే సాల్వేషన్ ఆర్మీ ఆధ్వర్యంలో ఎరుకల కుటుంబాలను తెచ్చి ఇక్కడ నివాసం ఏర్పాటు చేశారు. ఆ ఊరికి హెరాల్డ్ స్టువర్ట్ అనే తెల్ల అధికారి పేరే పెట్టారు. హాజరు వేయించుకోకుండా, చీటీ లేకుండా ఊరు దాటడం నేరం. మద్రాసు ప్రభుత్వం 1947లో, కేంద్రం 1952లో ఆ చట్టాన్ని రద్దు చేశాయి. ముద్ర రద్దు కాలేదు. ఆ ఊరి పేరు చెబితే అద్దెకు ఇల్లు దొరకని విద్యార్థులను నేనెరుగుదును. పోడు చేసుకున్నవాడు అటవీ నేరస్థుడు, ఉప్పు మోసినవాడు పుట్టుకతో దొంగ, తిరగబడ్డవాడు బందిపోటు. ముందు బతుకును నేరం చేసి, ఆపైన ఆ మనిషిని నేరస్థుడనడం కొండకూ తీరానికీ ఒకే చేత్తో రాసిన శాసనం.

ఆ శాసనాన్ని మల్లుదొర విషయంలో ఓటరు కొట్టేశాడు. 1952 తొలి సాధారణ ఎన్నికల్లో విశాఖపట్నం ఇద్దరు సభ్యుల లోక్‌సభ నియోజకవర్గం. ఒక స్థానం సాధారణం, మరొకటి షెడ్యూల్డు తెగలకు. రెండింట్లోనూ స్వతంత్రులే గెలిచారు. లంకా సుందరం ఒకరు, గాం మల్లుదొర మరొకరు. దేశమంతా కాంగ్రెసు గాలి వీస్తున్న రోజుల్లో పార్టీ అండ లేని అండమాన్ ఖైదీని జనం ఢిల్లీ పంపారు. చక్రవర్తి మీద యుద్ధం చేశాడని ఉరిశిక్ష వేయించుకున్న మనిషి, ఆ చక్రవర్తి ప్రతినిధులు కట్టించుకున్న భవనంలోనే ఆసీనులయ్యారు. ఇంకో ముచ్చట. సినిమాలో రూథర్‌ఫర్డ్ వేషం కట్టిన మా జగ్గయ్య కూడా 1967లో ఒంగోలు నుంచి లోక్‌సభకు వెళ్లారు. నటుడు పార్లమెంటు సభ్యుడైన సంగతి మా వైపు చాలామందికి గుర్తుంది. అంతకు పదిహేనేళ్ల ముందే అసలు రూథర్‌ఫర్డ్ కాలంనాటి తిరుగుబాటుదారు అక్కడ కూర్చున్నారన్నది ఎవరికీ గుర్తులేదు.

రిజర్వేషన్ అంటే అర్హత లేనివారికి పెట్టే భిక్ష అని వాదించేవారు ఈ ఒక్క జీవితాన్ని ఎదురుగా పెట్టుకొని మాట్లాడాలి. ఆ సీటుకు మల్లుదొర చెల్లించిన మూల్యం ముందు మన డిగ్రీలేపాటివి? అడవిలో ఒక యుద్ధం, ఒక మరణశిక్ష, అన్న ప్రాణం, యౌవనమంతా సముద్రం పాలు. రాజ్యాంగం అయిదో షెడ్యూలులో రాసుకున్న రక్షణలు ఇలాంటివారి నెత్తుటి నుంచి వచ్చినవే.

ఆ రక్షణలూ నిలకడగా లేవు. షెడ్యూల్డు ప్రాంతాల్లో ఉపాధ్యాయ పోస్టులన్నీ స్థానిక గిరిజనులకేనన్న జీవో 3ను 2020లో సుప్రీంకోర్టు కొట్టివేసింది. తొలి దాడి జరిగిన చింతపల్లి అడవుల్లోనే బాక్సైట్ తవ్వకాలకు 2015లో ఉత్తర్వు వచ్చింది. గిరిజనులు ఏళ్ల తరబడి పోరాడితే 2019లో రద్దయింది. 2022 ఏప్రిల్ 4న కొత్త జిల్లాలు ఏర్పడ్డాయి. మాకు బాపట్ల జిల్లా, మన్యానికి అల్లూరి సీతారామరాజు జిల్లా. ఆ పేరు పెట్టడం సబబే. గాం సోదరుల పేరు మాత్రం మళ్లీ అనుచరుల జాబితాలోనే ఉండిపోయింది.

మల్లుదొర 1969లో కన్నుమూశారు. ముఠాలను రద్దు చేసి రైత్వారీగా మార్చే రెగ్యులేషన్ వచ్చింది ఆ ఏడాదే. ఏజెన్సీలో గిరిజనేతరులకు భూమి బదిలీ చెల్లదన్న 1/70 చట్టం ఆ మరుసటి ఏడాది వచ్చింది.