రాగిరేకుల చెంత ఒక తపస్వి

చిన్నతిరుపతిగా మనం కొలుచుకునే ద్వారకాతిరుమల కొండపై అన్నమయ్య సంకీర్తన వినిపిస్తే చేతులు వాటంతటవే జోడవుతాయి. పాడినవారిని మెచ్చుకుంటాం, పదకర్తను స్మరిస్తాం. ఆ ఇద్దరి నడుమ, మాసిన అక్షరాలపై చూపు నిలిపి జీవితం గడిపిన పండితులు కొందరున్నారు. వారిలో అగ్రగణ్యులు వేటూరి ప్రభాకరశాస్త్రిగారు.

దక్షిణకాశిగా పేరొందిన పెదకళ్లేపల్లిలో, కృష్ణాతీరాన, 1888లో ఆయన జన్మించారు. చెళ్లపిళ్ల వేంకటశాస్త్రిగారి శిష్యులు. గురువుగారు అవధానాలతో సభలను ఉర్రూతలూగించిన మహాకవి. శిష్యులు చేరింది మాత్రం మద్రాసులోని ప్రాచ్య లిఖిత పుస్తక భాండాగారంలో. చప్పట్లు వినిపించని చోటు అది! తాటాకుపై గంటంతో గీసిన అక్షరం మసి పూస్తేగాని కంటికి ఆనదు. పదానికీ పదానికీ ఎడముండదు. పురుగు తొలిచినచోట పద్యమే తెగిపోతుంది. ఒక్క పాఠం తేల్చడానికి దొరికిన ప్రతులన్నీ పక్కపక్కన పెట్టి పోల్చాలి. ఏళ్ల తరబడి ఆ పనే చేశారు. క్రీడాభిరామాన్ని పరిష్కరించారు. చెదరిపోతున్న చాటువులను ఏరి చాటుపద్య మణిమంజరిగా కూర్చారు.

కుంభకోణానికి చెందిన మాస్టర్ సి.వి.వి. యోగమార్గంలో ఆయన సాధకులు కూడా. ఆ ఏకాగ్రత అక్షరసేవకూ అక్కరకు వచ్చి ఉంటుందనిపిస్తుంది.

తాళ్లపాక కవుల సంకీర్తనలు చెక్కిన రాగిరేకులు రెండువేలకు పైగా తిరుమల ఆలయంలో శతాబ్దాలపాటు మౌనంగా ఉండిపోయాయి. 1920వ దశకంలో అవి వెలుగుచూశాయి. తిరుపతి చేరిన శాస్త్రిగారు తమ చివరి దశాబ్దాన్ని ఆ రేకులకే ధారపోశారు. రేకుపై రాగం పేరుంది, స్వరం లేదు. సాహిత్యమైనా తప్పులేకుండా నిలబడాలని పదం పదం విడదీసి చదివి సంపుటాలను పరిష్కరించారు. అన్నమయ్య మనుమడు చినతిరువేంగళనాథుడు రచించిన తాతగారి చరిత్రను సుదీర్ఘమైన పీఠికతో ప్రకటించారు. నేడు అన్నమయ్య జీవితంగా మనం చెప్పుకునే కథలో చాలాభాగం ఆ గ్రంథం నుంచి వచ్చిందే.

1950లో తిరుపతిలోనే ఆయన తనువు చాలించారు. రాళ్లపల్లి అనంతకృష్ణశర్మగారి స్వరరచనలు ప్రచారంలోకి రావడం, 1978లో దేవస్థానం అన్నమాచార్య ప్రాజెక్టును నెలకొల్పడం, కేసెట్ల రూపంలో ఆ పాటలు పల్లెపల్లెకూ చేరడం ఆయన చూడలేదు. గాయకులు పుస్తకం తెరిచేసరికి పాట శుద్ధప్రతిగా సిద్ధంగా ఉంది.