కొత్త మాస్టారికి తోడు - గిజుభాయి

మొదటిసారి క్లాసులో అడుగుపెట్టిన రోజు ఉపాధ్యాయ వృత్తిలోకి వచ్చిన ఎవరికైనా మరపురానిదే. ప్రాక్టీస్ టీచింగ్‌కు వెళ్లినప్పుడు నాకు ఎనిమిదో తరగతి ఇచ్చారు. చేతిలో లెసన్ ప్లాన్ ఉంది, గోడకు చార్టు తగిలించాను. పది నిమిషాలు గడిచేసరికి వెనక బెంచీల్లో గోల మొదలైంది. గంట కొట్టాక ముఖం వేలాడేసుకుని స్టాఫ్ రూముకు వస్తే, ఒక పెద్ద మాస్టారు జాలిపడి బెత్తం ఎక్కడుంటుందో చూపించారు. అంతేగాని మర్నాడు నా క్లాసుకు వచ్చి కాసేపు కూర్చున్నవారు లేరు. ఆ రోజుల్లోనే లైబ్రరీలో 'పగటికల' అనే చిన్న పుస్తకం నా చేతికి వచ్చింది. దాన్ని గుజరాతీలో రాసినవారు గిజుభాయి బధేకా. కొత్త టీచరు కష్టం ఎరిగిన ఆ మహనీయుని జీవితాన్ని మిత్రులకు పరిచయం చేయాలని ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

గిజుభాయి అసలు పేరు గిరిజాశంకర్ భగవాన్‌జీ బధేకా. 1885 నవంబరు 15న సౌరాష్ట్రలోని చిత్తల్ గ్రామంలో జన్మించారు. బతుకుతెరువు వెతుక్కుంటూ 1907లో తూర్పు ఆఫ్రికా వెళ్లి, రెండేళ్లకు తిరిగివచ్చారు. తర్వాత బొంబాయిలో లా చదివి వకీలయ్యారు. పంతులు కావాలన్న ఆలోచన అప్పటికి ఆయనకు లేనే లేదు.

1913లో కొడుకు నరేంద్ర పుట్టాడు. వీణ్ణి ఏ బడికి పంపాలి అన్న ప్రశ్నతో ఆయన జీవితం మలుపు తిరిగింది. ఆనాటి బడి అంటే బట్టీ, బెత్తం, భయం. తాను పడినది తన బిడ్డ పడకూడదనుకున్న ఆ తండ్రికి మరియా మాంటిస్సోరి రచనలు దొరికాయి. పిల్లవాడు తనంతట తాను నేర్చుకోగలడని, పెద్దలు అందుకు తగిన చోటు సిద్ధంచేస్తే చాలునని ఆ రచనల సారం. వకీలుగారి మనసు వాటిపై నిలిచిపోయింది.

భావనగర్‌లో నానాభాయి భట్ అనే విద్యావేత్త 1910లో దక్షిణామూర్తి అనే విద్యార్థి భవనాన్ని స్థాపించారు. గిజుభాయి 1916లో వకీలు వృత్తికి స్వస్తి చెప్పి అందులో చేరారు. ముప్పై ఏళ్లు దాటిన వయసులో ఆయన మళ్లీ కొత్తవాడయ్యారు! మొదట హైస్కూలు పిల్లలతో పనిచేశారు. పసితనంలోనే పడిన భయాన్ని హైస్కూలులో వదిలించడం కష్టమని అక్కడే గ్రహించారు. నానాభాయి ఆయన ప్రయోగాలకు అడ్డు చెప్పలేదు సరికదా, అండగా నిలిచారు. ఆ అండతోనే 1920లో రెండున్నర మొదలు ఆరేళ్ల లోపు పిల్లలకు బాలమందిరం వెలసింది. అక్కడ దెబ్బ లేదు, బహుమతి ఆశ లేదు. కథ, పాట, నాటకం, బొమ్మలు, చేతిపని - ఇవే పాఠాలు. గుబురు మీసాల ఆ మనిషిని జనం మీసాల అమ్మ అని ముద్దుగా పిలుచుకున్నారు.

బాలమందిరం పేరు పాకింది. అటువంటి బడి తామూ పెడతామన్నవారు బయలుదేరారు. సామాన్లు కొనవచ్చు, మనుషులను ఎక్కడినుంచి తేవడం? బెత్తం కింద చదివినవాడు టీచరైతే, చిక్కు రాగానే అతని చెయ్యి బెత్తం మీదకే పోతుంది. ఇది గుర్తించే 1925లో అధ్యాపన మందిరం స్థాపించారు. పుస్తకంలోని సూత్రం ఒక పక్క, బాలమందిరంలోని పిల్లలు ఒక పక్క. నేర్చుకునేవారికి ఎదురుగా గిజుభాయి ఉండేవారు. అక్కడ తయారైన ఉపాధ్యాయులు వందలలో ఉన్నారు. శిక్షణ ముగిశాక వారు ఒంటరివారు కాకుండా 1926లో నూతన బాల శిక్షణ సంఘం, దానితోపాటు శిక్షణ పత్రిక తోడుగా నిలిచాయి. చిన్నా పెద్దా కలిపి సుమారు 200 పుస్తకాలు రాశారంటే ఆ దీక్షను ఊహించుకోవచ్చు.

1930ల మొదట్లో వచ్చిన 'పగటికల'లో లక్ష్మీరామ్ అనే కొత్త మాస్టారు నాలుగో తరగతిని ఒక ఏడాదిపాటు అడిగి తీసుకుంటాడు. మొదటిరోజు ఎంతో తయారై వెళ్లి మౌనం ఆట ఆడించబోతే, పిల్లలు గోలగోల చేసేస్తారు. చేసేది లేక అందరినీ వేళకు ముందే ఇంటికి పంపేస్తాడు. తోటి పంతుళ్లు నవ్వుతారు, హెడ్మాస్టరు తప్పుపడతారు. మర్నాడు అతడు కథ మొదలుపెడతాడు, పిల్లలు దగ్గరవుతారు. ఇది చదివేవారంతా లక్ష్మీరామ్‌నే మెచ్చుకుంటారు. నాకు మాత్రం విద్యాధికారి ఎక్కువగా నచ్చాడు. ఆయనకు నమ్మకం తక్కువే. అయినా అవకాశం ఇచ్చాడు, వచ్చి చూశాడు, అడిగి తెలుసుకున్నాడు, మొదటి వారంలోనే తీర్పు చెప్పలేదు. ఆయనే లేకుంటే లక్ష్మీరామ్ ఏడాది నిలిచేవాడా?

గిజుభాయి 1936లో దక్షిణామూర్తి నుంచి తప్పుకున్నారు. ఆరోగ్యం సహకరించకున్నా 1938లో రాజకోట్‌లో మరో అధ్యాపన మందిరం ప్రారంభించారు. 1939 జూన్ 23న, 53 ఏళ్లకే బొంబాయిలో కన్నుమూశారు. అదే ఏడాది చివర మాంటిస్సోరి మద్రాసు వచ్చి అడయారులో టీచర్లకు శిక్షణ మొదలుపెట్టారు. అది చూసే భాగ్యం ఆయనకు లేకపోయింది.

అయితే ఆ దీపం ఆరలేదు. రాజకోట్‌లో ప్రిన్సిపాల్ పదవి వదిలి 1923లో ఆయన దగ్గరకు వచ్చిన తారాబాయి మోడక్, 1945లో బోర్డి గ్రామంలో బాలశిక్షణ కేంద్రం పెట్టారు. ఆమెకు సహాయకురాలిగా చేరిన అనుతాయి వాఘ్, 1973లో తారాబాయి మరణించాక కూడా కోస్‌బాడ్‌లోని ఆదివాసీ పిల్లల మధ్య ఆ పని కొనసాగించారు. ఒకరి పక్కన ఒకరు నిలబడి నేర్చుకున్న విద్య ఇది.

మిత్రులారా! మనం డి.ఎస్.సి. రాస్తాం, కౌన్సెలింగులో ఊరు కోరుకుంటాం, ఏ మారుమూల బడిలోనో చేరతాం. కొత్త టీచర్లకు అనుభవజ్ఞుల తోడు కావాలని 2020 జాతీయ విద్యా విధానం కూడా చెప్పింది. కాగితం మీది మాట మన స్టాఫ్ రూముదాకా రావాలంటే మనిషి కదలాలి. పదేళ్ల తర్వాత మనమూ సీనియర్లమవుతాం. అప్పుడు ఒక కొత్త మాస్టారు ముఖం వేలాడేసుకుని మన పక్కన వచ్చి కూర్చుంటే, బెత్తం ఉన్న చోటు చూపించకుండా, మర్నాడు వెళ్లి అతని క్లాసులో వెనక బెంచీలో కూర్చుందాం. గిజుభాయికి మనం చేయగల నివాళి అదే.