పలుకులకు ప్రాణము పోసిన పింగళి

చలనచిత్రము చూచువారు నటుల నెరుగుదురు. ఆ నటులు పలికిన మాటలను వ్రాసినవారిని తలచువారు తక్కువ. పింగళి నాగేంద్రరావుగారి పేరు మరచినవారి యిండ్లలోను వారి మాటలు నేటికిని వినవచ్చుచున్నవి.

వీరు 1901 డిసెంబరు 29వ తేదీన ఉత్తరాంధ్రమునందలి రాజాములో జన్మించిరి. బందరులో పెరిగి, అచటి ఆంధ్ర జాతీయ కళాశాలలో యంత్రవిద్య నభ్యసించి, బెంగాల్ నాగపూర్ రైల్వేవారి ఖరగ్‌పూర్ కర్మాగారమున ఉద్యోగమున ప్రవేశించిరి. రాయ్‌పూర్‌ను నాగపూరుతోను, కలకత్తాతోను, 1931 నాటికి విజయనగరముతోను కలిపినది ఆ రైల్వేయే. ఆ యినుపదారి వెంట ఎన్నియో తెలుగు కుటుంబములు ఉద్యోగార్థమై తరలివచ్చినవి. నాగేంద్రరావుగారు మాత్రము నెలజీతపు నిశ్చింతను విడిచి వెనుకకు మరలిరి. కొంతకాలమునకు బందరులో డి.వి. సుబ్బారావుగారి నాటకసమాజమున రచయితగా చేరిరి. ద్విజేంద్రలాల్ రాయ్ వంగనాటకములను తెనిగించి, జేబున్నీసా, వింధ్యరాణి మున్నగు నాటకములను స్వయముగా రచించిరి.

వింధ్యరాణి 1948లో చిత్రమయ్యెను. మరుసటి యేట కె.వి. రెడ్డిగారి గుణసుందరి కథకు మాటలు వ్రాయునాటికి వీరికి సుమారు నలువదియేడేండ్లు. పేరు ఆలస్యముగా వచ్చినను నిలిచిపోయెను. కాశీమజిలీ కథల ఛాయలతో విజయావారు నిర్మించిన పాతాళభైరవి 1951లో తెలుగునాటను, పిదప హిందీ దేశములందును ఆదరము పొందెను. 1955 నాటి మిస్సమ్మకు పాటలు వ్రాసిరి.

1957లో వెలువడిన మాయాబజారు వీరి ప్రతిభకు పరాకాష్ఠ. శశిరేఖా పరిణయము వ్యాసభారతమున లేదు. తెలుగు రంగస్థలమున పెరిగిన కథ. అందు పాండవులు ఒక్కమారైనను కనబడరు. ఆ లోటు ప్రేక్షకునకు తోచదు. ఘటోత్కచుని పరివారమునకు వీరొక ప్రత్యేక భాషనే కల్పించిరి. మనవారు అను అర్థముగల సంస్కృతపదమును సాగదీసి అసమదీయులనిరి. పగవారికి, ఏ నిఘంటువునను లేని తసమదీయులను జోడించిరి. పుస్తకము గిస్తకము అను ఇంటివాడుకను అనుసరించి కంబళిని గింబళి, తల్పమును గిల్పము చేసిరి. తెలుగు నోటికి సహజమైన పోకడనుండి పుట్టినందున ఈ మాటలు వెండితెర దిగి వాడుకలో కలిసిపోయెను.

జగదేకవీరుని కథ, గుండమ్మ కథ మొదలగు చిత్రములకును వీరి కలము తోడయ్యెను. వివాహము చేసికొనక రచనకే అంకితులై, 1971 మే 6వ తేదీన దివంగతులైరి. వీరు వ్రాసిన చాణక్య చంద్రగుప్త 1977లో విడుదలయ్యెను. 2010లో మాయాబజారు రంగులతో మరల ప్రదర్శింపబడెను.

ఆంధ్రదేశమునకు దూరమున పెరుగు బిడ్డకు తెలుగు లిపి రాకపోవచ్చును. గింబళి యన్నచో మాత్రము నవ్వు వచ్చును. ఆ నవ్వుతోనే మాతృభాష ఆ యింట మరియొక తరము నిలుచును. కర్మాగారపు కొలువును వదలి మాటలను నమ్ముకొన్న ఆ రచయిత మనకిచ్చిపోయిన ఆస్తి యిదియే.